సెన్సార్ పోలేదు, పిన్ను పట్టు వదిలింది: కారు కప్లర్ల మీద అపోహలు – వాస్తవాలు

గోదావరి డెల్టాలో కార్ల ఎలక్ట్రికల్ పని చేసేవాళ్లకు రెండు కాలాల్లో ఊపిరి సలపదు. ఒకటి వర్షాకాలం. రెండోది సంక్రాంతి ముందు రోజులు. నెలల తరబడి కొబ్బరి తోటలోని షెడ్డులో కదలకుండా ఉన్న కారును కొత్త అల్లుడి కోసం బయటికి తీస్తారు. అది స్టార్ట్ కాదు, లేదా స్టార్ట్ అయి రొయ్యల చెరువు గట్టు మీద ఆగిపోతుంది. రెండు కాలాల్లోనూ వినిపించే మాట ఒకటే: “ఒకసారి పనిచేస్తుందండి, ఒకసారి చేయదండి.” ఈ మాట వినగానే నా అనుమానం కప్లర్ల (వైర్లను కలిపే ప్లాస్టిక్ జోడింపుల) మీదికి, వాటిలోని లోహపు పిన్నుల మీదికి పోతుంది. పూర్తిగా కాలిపోయిన భాగం రోజుకో రకంగా ప్రవర్తించదు. పట్టు తప్పిన పిన్నుకు మాత్రం అదే స్వభావం.

కింద రాసినవన్నీ కారు యజమానులు అనేవే కాదు. కొన్ని తోటి మెకానిక్‌ల నోట కూడా వింటాను.

అపోహ: స్కానర్‌లో సెన్సార్ పేరు వచ్చిందంటే ఆ సెన్సార్ పోయినట్టే

కారులోని లోపాల కోడ్‌లు చదివే స్కానర్ సెన్సార్ గురించి చెప్పదు, సర్క్యూట్ గురించి చెబుతుంది. పి0335 అనే కోడ్ అంటే ఇంజిన్ తిరుగుడును పసిగట్టే క్రాంక్ షాఫ్ట్ పొజిషన్ సెన్సార్ సర్క్యూట్‌లో లోపం. ఆ సర్క్యూట్‌లో సెన్సార్ ఒక వంతు మాత్రమే. దాని కప్లర్, వైర్లు, ఈసీయూ (ఇంజిన్‌ను నడిపే కంప్యూటర్) దగ్గరి కప్లర్, ఎర్త్ (కరెంటు బ్యాటరీ నెగటివ్‌కు తిరిగి వెళ్లే దారి) కూడా అందులోవే. నమ్మకం లేకపోతే బాగున్న కారులో ఇంజిన్ కూలెంట్ టెంపరేచర్ సెన్సార్ కప్లర్ ఊడదీసి స్కానర్ చూడండి. చాలా కార్లలో ఇంజిన్ వేడి మైనస్ 40 డిగ్రీలని చూపిస్తుంది. మే నెలలో అమలాపురంలో మైనస్ 40! అది సెన్సార్ చెప్పిన మాట కాదు, దారి తెగిందని ఈసీయూ చెబుతున్న మాట. అదే కప్లర్‌లో రెండు వైర్లే ఉంటే, వాటిని చిన్న వైరుతో కలిపితే అంకె ఒక్కసారిగా పైకి ఎగబాకాలి. ఎగబాకితే ఈసీయూ, వైరింగ్ బాగున్నట్టు. ఎగబాకకపోతే కొత్త సెన్సార్ కొన్నా ఆ డబ్బు వృథా.

ఈ అపోహ ఇంత బలంగా ఉండటానికి కారణం ఉంది. సెన్సార్ మారిస్తే చాలాసార్లు కారు నిజంగానే బాగవుతుంది, కొన్నాళ్లపాటు. పాత సెన్సార్ ఊడదీసి కొత్తది తగిలించేటప్పుడు పిన్నులు ఒకదానితో ఒకటి రాసుకుని, మీద పేరుకున్న పొర కాస్త గీరుకుపోతుంది. ఆ గీరుడే కారును నడిపించింది, కొత్త సెన్సార్ కాదు. మళ్లీ పొర పట్టగానే కారు తిరిగి వస్తుంది. అప్పుడు “డూప్లికేట్ సెన్సార్ వేశారు” అని కొట్టువాడిని తిడతారు.

ఒక డీజిల్ కారు నరసాపురం రేవులో పంటు దాటి మా దగ్గరికి వచ్చింది. చెరువు గట్ల మీద తిరిగే బండి. గతుకు తగలగానే ఇంజిన్ ఆగుతుంది, రెండు నిమిషాలకు మళ్లీ స్టార్ట్ అవుతుంది. క్రాంక్ సెన్సార్ అప్పటికే మార్చారు. కప్లర్ విప్పితే లోపల చిలుము లేదు, నీరు లేదు, పిన్నులు తళతళలాడుతున్నాయి. అదే కొలత గల విడి మేల్ పిన్ను (లోపలికి దూరేది) తీసుకుని కప్లర్‌లోని ఒక్కో ఫిమేల్ పిన్నులోకి (దాన్ని పట్టుకునే దానిలోకి) దించి, కప్లర్‌ను తలకిందులు చేశాను. రెండింటిలో పిన్ను గట్టిగా నిలిచింది. మూడోదాంట్లోంచి జారి నేల మీద పడింది. ఎవరో వోల్టేజీ చూడటానికి మీటర్ సూదిని అందులోకి గుచ్చారు. మామూలు మల్టీమీటర్ సూది మందం 2 మిల్లీమీటర్ల దాకా ఉంటుంది. సెన్సార్ కప్లర్ల పిన్నులు చాలావరకు అంతకంటే సన్నం, కొన్ని 0.64 మిల్లీమీటర్లే. ఒకసారి విచ్చుకున్న ఫిమేల్ పిన్ను స్ప్రింగు మళ్లీ మునుపటిలా పట్టుకోదు. సూదితో వంచి బిగించినా కొద్ది రోజులే. అందుకే దాన్ని మార్చేశాను.

మీటర్ పెట్టాలంటే కప్లర్ వెనక నుంచి, వైరు దూరే వైపు, రబ్బరు సీలు చిరగకుండా సన్నని సూది పోనివ్వాలి. వైరు తొడుగును పొడిచి చూడటం అంతకంటే చెడ్డ అలవాటు. ఉప్పు గాలి ఉన్న మన ప్రాంతంలో ఆ చిల్లు దగ్గరే రాగి నల్లబడి తెగుతుంది.

అపోహ: మీటర్‌లో 12 వోల్టులు వస్తే లైను బాగున్నట్టే

నా లెక్కలో అన్నిటికంటే ఎక్కువ డబ్బు తగలేసే అపోహ ఇదే. ఇరవై పోగుల వైరులో పంతొమ్మిది తెగి ఒక్కటే మిగిలినా, కప్లర్ ఊడదీసి మీటర్ పెడితే 12 వోల్టులే చూపిస్తుంది. డిజిటల్ మీటర్ లోపలి నిరోధం సాధారణంగా 10 మెగా ఓములు. అంటే అది లాగే కరెంటు మైక్రో ఆంపియర్ కంటే కాస్త ఎక్కువ, అంతే. అంత చిన్న కరెంటుకు చిలుము పొర కూడా దారి ఇస్తుంది. హెడ్‌లైటు హెచ్4 బల్బుకు దాదాపు 5 ఆంపియర్లు కావాలి. ఆ దారి అంత బరువు మోయలేదు.

అందుకే కప్లర్ తగిలించి ఉంచి, లైటు వెలుగుతుండగా కొలవాలి. మీటర్ ఒక సూది కప్లర్‌కు ఇవతలి వైరు మీద, రెండోది అవతలి వైరు మీద పెడితే, ఆ ఒక్క జోడింపు దగ్గర ఎంత వోల్టేజీ పోతోందో నేరుగా కనిపిస్తుంది. 0.1 వోల్టు దాటితే నేను విప్పి చూస్తాను. ఎర్త్ వైపు కూడా ఇలాగే, బల్బు ఎర్త్ పిన్ను నుంచి బ్యాటరీ నెగటివ్ దాకా కొలవాలి. చాలామంది పాజిటివ్ వైపు కొలిచి వదిలేస్తారు. లైటు మసకబారడానికి కారణం ఎక్కువగా ఆ రెండో వైపే ఉంటుంది.

లైను బరువు మోస్తుందో లేదో చూడటానికి 21 వాట్ల ఇండికేటర్ బల్బుకు రెండు వైర్లు కట్టి పెట్టుకుంటే చాలు. అది దాదాపు 1.75 ఆంపియర్లు లాగుతుంది. బల్బు నిండుగా వెలిగితే ఆ లైను మీద నమ్మకం పెట్టుకోవచ్చు. అయితే ఈ బల్బును ఈసీయూకు పోయే సెన్సార్ వైర్ల మీద ఎట్టి పరిస్థితిలోనూ పెట్టకండి. ఆ వైర్లు మిల్లీ ఆంపియర్ల కోసం చేసినవి. బల్బు కరెంటుకు ఈసీయూ లోపలి భాగం కాలిపోవచ్చు.

అపోహ: కప్లర్ వేడెక్కితే ఫ్యూజు పోయి కాపాడుతుంది

పోదు. ఫ్యూజు చూసేది కరెంటును, వేడిని కాదు. ఏసీ బ్లోయర్ 10 ఆంపియర్లు లాగుతోందనుకోండి. పిన్ను దగ్గర 0.1 ఓము నిరోధం పెరిగితే అక్కడ 1 వోల్టు పోతుంది, 10 వాట్ల వేడి గోరు చివరంత చోట పుడుతుంది. నిరోధం పెరిగే కొద్దీ కరెంటు తగ్గుతుందే తప్ప పెరగదు. ఫ్యూజు హాయిగా ఉంటుంది, ప్లాస్టిక్ మాత్రం కరిగిపోతుంది. ఆ వేడికి ఫిమేల్ పిన్ను స్ప్రింగు మెత్తబడి, పట్టు ఇంకా తగ్గి, వేడి ఇంకా పెరుగుతుంది. ఇలా కాలిన చోట ఒక్క ఫిమేల్ పిన్ను మార్చి ఊరుకోకూడదు. ఎదుటి మేల్ పిన్ను మీద గుంటలు పడి ఉంటాయి, కొత్త పిన్నును అవే పాడుచేస్తాయి. రెండు వైపులా మార్చాలి. వైరును కూడా ఎర్రని రాగి మెరుస్తూ కనిపించేదాకా వెనక్కి కోసుకుంటూ పోవాలి.

అపోహ: పచ్చ చిలుము కనిపించకపోతే పిన్ను బాగున్నట్టే. కనిపిస్తే ఎమరీ పేపరుతో రుద్దితే సరి

మామూలు పిన్నులకు రాగి మిశ్రమం మీద తగరం పూత ఉంటుంది. ఇంజిన్ వణుకుకు, వేడి చలువకు మేల్, ఫిమేల్ పిన్నులు ఒకదాని మీద ఒకటి కంటికి కనిపించనంత దూరం జరుగుతూనే ఉంటాయి. జరిగిన ప్రతిసారీ తగరం కాస్త అరిగి, గాలి తగిలి ఆక్సైడ్ పొడిగా మారుతుంది. ఆ పొడి రెండింటి మధ్యా చేరుతుంది. భూతద్దంలో చూస్తే రాసుకునే చోట చిన్న నల్లటి మచ్చ, అంతే. పెద్ద కరెంటు ఈ పొరను ఎలాగో దాటుతుంది. ఆక్సిజన్ సెన్సార్ నుంచి వచ్చే 0.1 – 0.9 వోల్టుల సంకేతం దాటలేదు. అందుకే హారన్, లైట్లు చక్కగా ఉండి, ఇంజిన్ మాత్రం ఎగశ్వాస పెడుతుంది.

ఎమరీ పేపరు పెడితే పొరతోపాటు పూత కూడా పోతుంది. కళాయి పోయిన ఇత్తడి గిన్నెలో పులుసు పోస్తే ఏమవుతుందో మన ఇళ్లలో పెద్దవాళ్లను అడగండి, పిన్నుకూ అదే జరుగుతుంది. కాంటాక్ట్ క్లీనర్ కొట్టి, పిన్నులను నాలుగైదు సార్లు పెట్టి తీస్తే చాలు. అప్పటికీ మచ్చ పోకపోతే మార్చడమే.

అపోహ: డబ్ల్యూడీ-40 కొడితే అన్నీ సర్దుకుంటాయి. గ్రీజు రాస్తే కరెంటు బాగా పారుతుంది

మొదటిది నీటిని తరిమేందుకు 1953లో తయారుచేసిన ద్రవం. దాని పేరులోనే ఆ సంగతి ఉంది: డబ్ల్యూడీ అంటే ‘వాటర్ డిస్‌ప్లేస్‌మెంట్’, నీటిని తొలగించడం. తడిసిన కప్లర్‌కు ఆ పూటకు ఉపకారమే. ఆ తర్వాత మిగిలే నూనె జిడ్డు చెరువు గట్ల దుమ్మును పట్టి ఉంచుతుంది.

కప్లర్లకు వాడే సిలికాన్ గ్రీజు కరెంటును పారనివ్వదు, అది నిరోధకం. అయినా పిన్నులు గట్టిగా పట్టుకునే చోట పక్కకు తప్పుకుని లోహానికి లోహం తగలనిస్తుంది. దాని పని తడిని, గాలిని రానివ్వకపోవడం. రబ్బరు సీలు అంచున పలుచగా రాస్తే చాలు. కప్లర్ నిండా కూరడం ఎందుకు? పట్టు వదిలిన పిన్నుకు గ్రీజు రాస్తే పట్టు రాదు, గాల్లో వేలాడే పిన్నుకు ఇంకో అడ్డు చేరుతుంది.

అపోహ: సోల్డరింగ్ చేస్తేనే గట్టి, నొక్కిన పిన్ను ఊడిపోతుంది

ఇది పాత రేడియోలు బాగుచేసిన చేతుల నుంచి వచ్చిన నమ్మకం. కారు కదులుతుంది, వణుకుతుంది. సోల్డర్ కరిగి వైరు పోగుల మధ్య పైకి పాకి, అంతవరకూ వైరును గట్టి పుల్లగా మార్చేస్తుంది. ఆ పుల్ల ఆగి మెత్తని వైరు మొదలయ్యే చోట వణుకుకు పోగులు ఒక్కొక్కటే తెగుతాయి. కార్ల కంపెనీలు పిన్నులను నొక్కి బిగించడానికి ఇదీ ఒక కారణం.

పిన్ను వెనక రెండు జతల రెక్కలు ఉంటాయి. లోపలి జత ఒట్టి రాగిని కరిచి పట్టుకోవాలి, బయటి జత ప్లాస్టిక్ తొడుగును, లేదా రబ్బరు సీలును కౌగిలించుకోవాలి. మామూలు కటింగ్ ప్లయర్‌తో అణిస్తే రెక్కలు చదునవుతాయి, రాగిని పట్టవు. పిన్ను సైజుకు తగిన దవడలున్న క్రింపింగ్ ప్లయర్ లేకుండా ఈ పనికి దిగకపోవడమే మేలు. నొక్కిన తర్వాత వైరును చేత్తో లాగి చూడాలి. రబ్బరు సీలు ఉంటే పిన్ను నొక్కకముందే వైరుకు ఎక్కించాలి. ఇది మరిచిపోయి పిన్ను కోసి మళ్లీ నొక్కేవాళ్లు ప్రతి షెడ్డులోనూ ఉంటారు.

పాత పిన్ను తీయడానికి బలం అక్కర్లేదు, వరస తెలియాలి. ముందు బ్యాటరీ నెగటివ్ తీసి, కప్లర్‌ను రెండు వైపుల నుంచి ఫొటో తీసుకోండి. లోపల వేరే రంగులో ఉండే రెండో లాక్‌ను బయటికి జరపండి. వైరును ముందుకు కాస్త నెట్టి, ముందు వైపు నుంచి సన్నని పనిముట్టుతో పిన్ను నాలుకను పక్కకు ఒత్తి, అప్పుడు వైరును వెనక్కి లాగితే జారి వస్తుంది. రాలేదంటే మీరు ఒత్తుతున్నది నాలుకను కాదు. కొత్త పిన్ను టక్కుమనేదాకా దూర్చి, మెల్లగా వెనక్కి లాగి చూడండి. రెండో లాక్ మూసుకోకపోతే దాన్ని సుత్తితో కొట్టకండి, ఏదో ఒక పిన్ను పూర్తిగా లోపలికి పోలేదని అది చెబుతోంది.

అపోహ: వరదలో తడిసినా ఎండకు ఆరితే చాలు

2022 జులైలో గోదావరి లంకలను ముంచినప్పుడు చాలా కార్లు సీట్ల దాకా నీళ్లలో ఉన్నాయి. అలా మునిగిన కారును ఎండలో నిలబెడితే తివాచీ ఆరుతుంది. వైరు తొడుగు లోపల, పోగుల మధ్య పాకిన నీరు ఆరదు, మెల్లగా తర్వాతి కప్లర్ దాకా చేరుతుంది. ఎప్పుడూ 12 వోల్టులు ఉండే పిన్ను దగ్గర తడి ఉంటే కారు ఆపి ఉన్నా రాగి కరుగుతూనే ఉంటుంది. అందుకే కొన్ని లోపాలు నెలల తర్వాత బయటపడతాయి. మునిగిన కారుకు బ్యాటరీ తీసి, సీట్ల కింద, తివాచీ కింద ఉన్న ప్రతి కప్లర్‌నూ విప్పి, ఒండ్రు మంచినీళ్లతో కడిగి, ఆరబెట్టాలి. ఇంజిన్ వేడిగా ఉండగా ప్రెషర్ పైపుతో కడగడమూ ఇలాంటి ముప్పే. చల్లని నీరు తగలగానే కప్లర్ లోపలి గాలి ముడుచుకుని, ముసలిదైన సీలు పక్క నుంచి నీటిని లోపలికి పీలుస్తుంది.

సీటు కింద పసుపు రంగు కప్లర్ కనిపిస్తే చేయి వెనక్కి తీసుకోండి. అది ఎయిర్‌బ్యాగు లైను. దాని మీద ఓమ్ మీటర్ పెట్టకూడదు. బ్యాటరీ తీశాక కంపెనీ పుస్తకంలో చెప్పినంతసేపు ఆగకుండా విప్పనూ కూడదు. ఎలక్ట్రిక్, హైబ్రిడ్ కార్లలో నారింజ రంగు వైర్ల పని ఆ శిక్షణ ఉన్నవాళ్లది.

అపోహ: ఒక పిన్ను పోతే వైరింగ్ కిట్ (వైర్లు, కప్లర్ల కట్ట) మొత్తం మార్చాలి

కొన్ని షోరూముల్లో ఇలాగే చెబుతారు. వాళ్ల దగ్గర విడి పిన్నులు ఉండవు, పనికి హామీ ఇవ్వాలి కాబట్టి వాళ్ల ఇబ్బంది కొంత అర్థమవుతుంది. కానీ పిన్ను ఖరీదు పదుల రూపాయల్లో ఉంటుంది, కిట్ వేలల్లో. మొత్తం మార్చాల్సిన సందర్భాలు నిజంగా ఉన్నాయి: మంటకు కాలినప్పుడు, వరి కోతల తర్వాత ఎలుకలు ఇంజిన్‌లో కాపురం పెట్టి పది చోట్ల కొరికినప్పుడు. మిగతావాటికి పాత కారు నుంచి కోసిన కప్లర్ విజయవాడ ఆటోనగర్‌లో దొరుకుతుంది. కొనేటప్పుడు కనీసం జానెడు వైరుతో సహా కోయమనండి. అతుకులు పక్కపక్కన కాకుండా ఒక్కోటి ఒక్కో చోట పడేలా వైర్లను కోసుకుని, లోపల జిగురు ఉన్న స్లీవ్ తొడిగి వేడి చేయండి. కొన్న కప్లర్‌లోని ఫిమేల్ పిన్నుల పట్టును కొట్టులోనే విడి పిన్నుతో చూసుకోండి.