కుండ పిడి చెప్పిన కాలం

డిగ్రీ చదువుతున్న ఒక అమ్మాయి అడిగింది: "ఈజిప్టు పురావస్తు శాస్త్రవేత్తను కావాలంటే ముందు ఏం నేర్చుకోవాలండీ?" తన మనసంతా మమ్మీలు, బంగారు ముసుగులు. కుండపెంకులు చూడటం నేర్చుకోమన్నాను. ఎందుకంటే బ్రిటిష్ పురావస్తు శాస్త్రవేత్త ఫ్లిండర్స్ పెట్రీ సంగతి చెప్పాలి.

పెట్రీ బడికి వెళ్లి చదువుకోలేదు. తండ్రి దగ్గర సర్వే పని నేర్చుకున్నాడు. 1880లో ఈజిప్టులోని గీజా వెళ్లి, ఒక పాత రాతి సమాధిలో మకాం పెట్టి పెద్ద పిరమిడ్‌ను కొలిచాడు. ఆ కొలతల్లో దైవ రహస్యం దాగుందని అప్పట్లో ఒక సిద్ధాంతం ఉండేది. దాని మీద ఆసక్తితోనే వెళ్లాడు. తీరా కొలిస్తే లెక్క కుదరలేదు. ఆ మాటే 1883లో అచ్చు వేశాడు. పిరమిడ్ బొమ్మ ఇంట్లో పెడితే శక్తి వస్తుందని మన దగ్గర ఇప్పటికీ కొంటున్నారు. పిల్లలకు పిరమిడ్ల పాఠం చెప్పే టీచర్లు ఈ కొలతల కథ కూడా చెప్పాలి.

1894-95 చలికాలంలో దక్షిణ ఈజిప్టులోని నఖాదా దగ్గర పెట్రీ తవ్వితే రెండు వేలకు పైగా సమాధులు బయటపడ్డాయి. రాత లేదు, రాజు పేరు లేదు. ఎముకలు, పక్కన కుండలు, అంతే. బయటి నుంచి వచ్చిన కొత్త జాతి అనుకుని పెట్రీ కూడా పొరబడ్డాడు. అవి ఫారోలకు, అంటే ఈజిప్టు రాజులకు, ముందు కాలానివని తేల్చింది ఫ్రెంచి పురావస్తు శాస్త్రవేత్త జాక్ ద మోర్గాన్. సరే, వాటిలో ఏది ముందు, ఏది వెనక? ఒకదాని మీద ఒకటి పేరుకున్న పొరలైతే అడుగుదే పాతది అనొచ్చు. ఇవేమో ఇసుకలో దేనికది విడి గొయ్యి.

పెట్రీ ఒక రకం కుండను పట్టుకున్నాడు. గుండ్రటి పొట్ట, రెండు పక్కలా అలల్లా వంకరలు తిరిగిన పిడి. వేళ్లు ఆ వంకరల్లో కుదురుకుంటాయి, కుండ జారదు. ఇంకో సమాధిలో అదే కుండ కాస్త సన్నం, పిడి చిన్నది. మరోచోట కుండ గొట్టంలా నిటారుగా ఉంది. పిడి పోయి, మెడ చుట్టూ అలల గీత మిగిలింది. చివరికి ఆ అలలు కూడా పోయి ఉత్త గీత. మన సెల్‌ఫోన్లో కాల్ గుర్తు చూడండి, పాత ల్యాండ్‌లైన్ రిసీవర్ బొమ్మ. పట్టుకోవడానికి పనికొచ్చిన ఆకారం గుర్తుగా మిగిలిపోయింది. రిసీవర్ ముందు, బొమ్మ తర్వాత. ఉత్త గీత ముందు పుట్టి, అదే పెరిగి పిడి అయిందనుకోలేం. అందుకే వరుసకు దిక్కు తెలిసింది.

తర్వాత సమాధికొక అట్టముక్క. ఏ రకం కుండలున్నాయో గళ్లలో రాశాడు. కనీసం ఐదు రకాలున్న సమాధులే తీసుకుంటే సుమారు 900 వచ్చాయి. ఒక రకం కుండ ఒకసారి వాడుకలోకి వచ్చి, కొన్నాళ్లుండి, పోతుంది. మధ్యలో మాయమై మళ్లీ రాదు. కాబట్టి ప్రతి రకమూ వరుసలో ఒకే చోట గుంపుగా పడేదాకా అట్టముక్కలు జరుపుతూ పోయాడు. ఇప్పుడు కంప్యూటర్ చేసే ఈ పని ఆయన చేత్తో చేశాడు.

ఆ వరుసకు 30 నుంచి 80 దాకా అంకెలిచ్చాడు. అవి సంవత్సరాలు కావు, కేవలం ముందు వెనకలు. 1 నుంచి ఎందుకు మొదలెట్టలేదంటే, ఇంకా పాతవి దొరకొచ్చని. 1920ల్లో ఈజిప్టులోనే బదారీ అనే చోట దొరికాయి. 30కి ముందు చోటు వాటి కోసం ఖాళీగానే ఉంది.