కల్పిత లోకానికి దర్శనం కట్టేటప్పుడు: అపోహలు – వాస్తవాలు

ఫాంటసీ నవలలకీ, ఆటలకీ లోకాలు సృష్టించేవాళ్ళు పటాలు, రాజవంశాలు, ఆయుధాలు శ్రద్ధగా తయారుచేసుకుంటారు. ఆ లోకపు మనుషులు దేన్ని నిజమంటారు, ఎలా వాదించుకుంటారు అనే దగ్గరికి, అంటే వాళ్ళ దర్శనం (తాత్త్విక సిద్ధాంతం) దగ్గరికి వచ్చేసరికి మాత్రం ఓ ముసలి గురువు చేత నాలుగు గంభీరమైన మాటలు అనిపించి ఊరుకుంటారు. ఇంత తర్కసంపద పుట్టిన నేల మీద ఉండి ఇలా చేయడం బాధగా ఉంటుంది.

అపోహ: ముందు సూక్తులు రాసుకుంటే సిద్ధాంతం వాటిలోంచే వస్తుంది.

ముందు తేల్చాల్సింది ప్రమాణాలు, అంటే నిజాన్ని తెలుసుకునే మార్గాలు. ఏ దారిన వచ్చిన జ్ఞానాన్ని వాళ్ళు ఒప్పుకుంటారు? భౌతికవాదులైన చార్వాకులు ప్రత్యక్షం (ఇంద్రియాలతో తెలిసేది) ఒక్కటే అన్నారు. బౌద్ధ తార్కికులు అనుమానాన్ని (సందేహం కాదు, గుర్తును బట్టి ఊహించి తేల్చడం) కలిపి రెండన్నారు. సాంఖ్యులు శబ్దాన్ని (నమ్మదగినవాళ్ళ మాట) చేర్చి మూడన్నారు, న్యాయశాస్త్రం అనే తర్కశాఖకు చెందిన నైయాయికులు ఉపమానంతో (పోలికతో తెలుసుకోవడం) నాలుగు చేశారు. శబ్దం వద్దన్నవాడికి వేదం అధికారం కాదు. అనుమానం కూడా వద్దన్నవాడి దగ్గర పరలోకం నిలవదు. ఈ ఒక్క ఎంపికే మీ శాఖకు మిత్రులెవరో, శత్రువులెవరో చెప్పేస్తుంది.

చనిపోయినవాళ్ళు తొమ్మిది రోజులపాటు మాట్లాడగలిగే లోకం ఒకటి అనుకుందాం. అక్కడ ‘శేషవాదులు’ మృతుల మాటను ప్రత్యేక ప్రమాణమంటారు. వాళ్ళ వాదాన్ని న్యాయశాస్త్రపు ఐదు అవయవాల్లో, అంటే వాదపు ఐదు మెట్లలో పెట్టి చూడండి:

ప్రతిజ్ఞ (నిరూపించాల్సిన మాట): మృతుడి మాట నమ్మదగినది.
హేతువు: అతనికి స్వలాభం లేదు కనుక.
ఉదాహరణ: స్వలాభం లేనివాడి మాట నమ్మదగినది, అడిగితే దారి చెప్పే బాటసారి మాటలాగా.
ఉపనయం: మృతుడూ అలా స్వలాభం లేనివాడే.
నిగమనం: కాబట్టి అతని మాట నమ్మదగినది.

ఇప్పుడు మీరే దీన్ని ఖండించండి. పోయినవాడికి పిల్లలుంటారు, వాళ్ళ లాభం అతని లాభమే. అంటే చెప్పిన హేతువు అసలు మృతుడిలో లేదు. ఇది అసిద్ధమనే హేత్వాభాస, అంటే హేతువులా కనిపించే దోషం. వెంటనే ఓ వ్యాఖ్యాత సవరిస్తాడు: వారసులు లేని మృతుడి మాటే ప్రమాణం. ఇక చూడండి, భూమి పత్రాల మీద సాక్షులుగా పిల్లల్లేని ముసలివాళ్ళకి గిరాకీ పెరుగుతుంది. వాళ్ళని పోషించే మఠాలు వెలుస్తాయి. దత్తత తీసుకున్న ముసలాయన సాక్ష్యం చెల్లకుండా పోతుంది. దోషాన్ని దాచకుండా సవరించినందుకే మీ లోకానికి చట్టమూ, బతుకుతెరువులూ సమకూరాయి.

ఐదింటిలో ఎక్కువగా చెడేది ఉదాహరణ. మన లోకపు ఉదాహరణను తెలియకుండానే అక్కడికి మోసుకెళ్తాం. మంత్రంతో పొగ పుట్టించగల చోట ‘పొగ ఉంది కాబట్టి నిప్పు ఉంది’ అంటే అది సవ్యభిచారమనే హేతుదోషమే, నిప్పు లేని చోట కూడా పొగ ఉంటుంది కదా. ప్రతి ఉదాహరణనూ ఆ లోకపు నియమాలకు ఆనించి చూసుకోవాలి.

ఏయే వస్తువులు ఉన్నాయో తేల్చుకోవడానికి తెలుగువాడైన అన్నంభట్టు తర్కసంగ్రహం మంచి నమూనా. చిన్న పుస్తకం: ఉన్నవాటన్నిటినీ 7 పదార్థాలుగా (వర్గాలుగా) విడదీసి, వాటిలో 9 ద్రవ్యాలు, 24 గుణాలు లెక్కిస్తుంది. అందులో శబ్దం (ఇక్కడ ధ్వని అని అర్థం) ఆకాశానికి గుణం. మరి ఊపిరి ఆగినవాడి గొంతు దేనికి గుణం? మీ శాఖలు రెండుగా చీలడానికి ఈ ప్రశ్న చాలు.

అపోహ: ఒక శాఖ అంటే అందరిదీ ఒకే మాట.

వేదవాక్యాల అర్థాన్ని విచారించే మీమాంసకులనే తీసుకోండి. వాళ్ళలో ప్రాభాకరులు ఐదు ప్రమాణాలు ఒప్పుకుంటే భాట్టులు అనుపలబ్ధిని (కనబడకపోవడాన్ని బట్టి లేదని తెలుసుకోవడం) కలిపి ఆరన్నారు. లోపలి వైరుధ్యాలను తుడిచేయకండి. అయితే ఆ వైరుధ్యం ఆ లోకంలో ఎవరో ఒకరి కంటపడి ఉండాలి. లేకపోతే అది రచయిత అజాగ్రత్తే.

అపోహ: మూలగ్రంథం మొత్తం రాయాలి.

పది పన్నెండు సూత్రాలు చాలు. ఒక్కోటి ఐదారు మాటలు మించకుండా, కనీసం రెండింటికి రెండర్థాలు వచ్చేలా రాసుకోండి. వాటి మీద రెండు వ్యాఖ్యలు గొడవపడాలి. మిగతాది ప్రత్యర్థుల పుస్తకాల్లో పూర్వపక్షంగా, అంటే ఖండించడానికి ముందు చెప్పే ఎదుటివాడి వాదంగా కనిపించనివ్వండి. చార్వాకుల గురించి మనకు తెలిసినది చాలావరకు వాళ్ళని ఖండించినవాళ్ళు చెప్పిందే. అంతా నియతి ప్రకారమే జరుగుతుందన్న ఆజీవికుల సంగతులు బౌద్ధ, జైన గ్రంథాల్లో దొరుకుతాయి. కాకపోతే, ప్రత్యర్థి ఎక్కడ వంకర తిప్పాడో రచయితగా మీకు కచ్చితంగా తెలిసి ఉండాలి.

అపోహ: దర్శనాలు ఏకాంతంలో బతుకుతాయి.

వాటికి బియ్యం ఎవరిస్తున్నారో రాసుకోండి. 3వ శతాబ్దపు నాగార్జునకొండలో ఇక్ష్వాకు రాజు శాంతమూలుడు అశ్వమేధం చేశాడు, అతని సోదరి శాంతిశ్రీ బౌద్ధ మహాచైత్యానికి దానాలిచ్చింది. అదే లోయలో అపరమహావినశైలీయులు, బహుశ్రుతీయులు, మహీశాసకులు అనే బౌద్ధ శాఖలకి వేర్వేరు ఆరామాలు ఉండేవి. ఒకే ఇంట్లో రెండు మార్గాలు, నడిచి వెళ్ళేంత దూరంలో పోటీ శాఖలు! కథకు ఇంతకన్నా ఏం కావాలి?

అపోహ: సిద్ధాంతమంతా పాఠకుడికి వివరించాలి.

మామూలు జనానికి తెలిసేది ఆచారమే. శేషవాదుల ఊళ్ళో పదో రోజు దాకా ఇనప్పెట్టె తెరవరు, మృతుడు మాట్లాడుతుంటే వారసులని గదిలో ఉండనివ్వరు. ఎందుకని అడిగితే పెద్దలు అలా చెప్పారంటారు. అసలు వాదం ఒక్కసారి, ఆస్తి తగాదాలో బయటికి రావాలి. ఆ తగాదాలో శేషవాది ఓడిపోయేలా రాయండి. ఓడినప్పుడే వాదం ఏ అవయవం దగ్గర విరిగిందో పాఠకుడు గుర్తుపట్టగలడు.