మాంత్రికుడికి చమ్కీల కోటు ఎక్కడిది?

విజయవాడలోగానీ గుంటూరులోగానీ డ్రస్సులు అద్దెకిచ్చే షాపులో మాంత్రికుడి వేషం అడిగితే మామూలుగా రెండు రకాలు బయటికి తీస్తారు. ఒకటి నల్ల గౌను, కోసుగా ఉండే టోపీ. రెండోది చమ్కీలు కుట్టిన ముఖమల్ కోటు. తెలుగులో సొంతంగా ఫాంటసీ లోకాలు కల్పించి నవలలు, సిరీస్‌లు, గేములు తయారుచేస్తున్న కుర్రాళ్ల చిక్కూ ఇదే. రాజ్యానికి పేరు దొరుకుతుంది, మ్యాపు గీసుకుంటారు, మంత్రాలకు లెక్కలు వేస్తారు. పట్టాభిషేకం సీను దగ్గరికి వచ్చేసరికి రాజుకి, రాజగురువుకి ఏం తొడగాలో తోచదు. గౌను పరాయిదని పక్కనపెట్టి, కోటు మనదే కదా అని తొడిగేస్తారు. తెలుగు స్టేజీ మీద ఆ కోటు వయసు నూటయాభై ఏళ్లు దాటదు.

మహిమ గల బట్ట మాత్రం మన కథల్లో చాలా పాతది. నన్నయ పదకొండో శతాబ్దంలో తెలుగు చేసిన అరణ్యపర్వంలో నలోపాఖ్యానం ఉంది. జూదంలో రాజ్యం పోగొట్టుకుని అడవి పట్టిన నలుడు, ఆకలికి తాళలేక పక్షుల మీద తన బట్ట విసురుతాడు. పక్షులు దాన్ని తీసుకుని ఎగిరిపోతాయి. దమయంతి చీరలో సగం కోసి చుట్టుకుని, నిద్రపోతున్న ఆమెను వదిలేసి వెళ్తాడు. ఆ తరవాత కర్కోటకుడనే పాము కాటేసి అతని రూపం మార్చేసి, దివ్యవస్త్రం ఇస్తాడు. నీ రూపం నీకు కావాలనుకున్నప్పుడు నన్ను తలుచుకుని ఇది కట్టుకో అంటాడు. ఆ బట్ట మెరుస్తుందా లేదా అన్నది కథకు పట్టదు. ఎప్పుడు కట్టాలి, ఎవర్ని తలుచుకుని కట్టాలి అన్నదే దాని కిటుకు. కర్ణుడి కవచం సంగతీ అంతే. అది ఒంటి మీద ఉన్నంతకాలం అతన్ని చంపడం ఎవరి తరమూ కాదు. కానీ అడిగినవాడికి లేదనకూడదన్న అతని వ్రతమే దాన్ని ఊడదీయిస్తుంది.

ఈ షరతులన్నీ పోయి మెరుపు ఒక్కటే మిగలడానికి కారణం నాటకం. 1880ల్లో ధార్వాడ నుంచి నాటక కంపెనీలు తెలుగు పట్టణాలకు వచ్చాయి. పార్శీ నాటకాల హంగు వాళ్లతో వచ్చింది: రంగుల తెరలు, ముఖమల్, జలతారు. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో కీచకవధతో మొదలైన సురభి సమాజాలు తెరలూ డ్రస్సులూ బండ్లకెత్తుకుని ఊరూరా తిరిగాయి. పద్యనాటకం రాత్రి మొదలైతే తెల్లారేదాకా నడిచేది. పెట్రోమాక్స్ వెలుగులో, ఎక్కడో వెనక చాప వేసుకుని కూర్చున్నవాడికి రాజెవరో తెలియాలి. నేత పంచె మెరవదు, చమ్కీ మెరుస్తుంది. కిరీటం, భుజకీర్తులు రాత్రంతా మోయాలి కాబట్టి తేలిక కర్ర, అట్ట, అద్దం ముక్కలు, బంగారు కాగితం. కాబట్టి ఈ రాజవేషానికి ఏ రాజుగారి కొలువుకన్నా ఆ దీపాల అవసరమే ముఖ్యం. పైగా అద్దె సరుకు. ఈ రాత్రి దుర్యోధనుడు తొడిగిన కోటే రేపు పక్క ఊళ్లో ఇంకో రాజుకి. అన్ని యుగాల రాజులూ ఒకేలా తయారయ్యారంటే తయారవరూ!

దీనికి ఎదురు నిలిచినవాళ్లూ ఈ ప్రాంతంలోనే ఉన్నారు. 1902లో బాపట్లలో పుట్టిన స్థానం నరసింహారావు తెనాలి రామవిలాస సభ నాటకాల్లో స్త్రీ పాత్రలకు పేరు పడ్డారు. సత్యభామ చీర వేరు, చింతామణి చీర వేరు, కట్టు వేరు, నగ వేరు అన్న పట్టింపు ఆయనది. పాత్రను బట్టి బట్ట అన్న ఈ ఆలోచన పెద్ద నటుల దగ్గరే ఆగిపోయింది. అద్దె పెట్టెల్లోకి దిగలేదు.

అచ్చులోకి వచ్చాక రూపం ఇంకా గట్టిపడింది. 1894లో రవివర్మ ప్రెస్సు పెట్టాక దేవతల చీరలు, నగలు గోడకు వేలాడే పటాలైపోయాయి. 1947లో మొదలైన చందమామ బొమ్మల్లో పులిచర్మం, పుర్రెల దండ మాంత్రికుడి యూనిఫాం అయ్యాయి. 1951లో పాతాళభైరవి మాంత్రికుణ్ని తెర మీద నిలబెట్టింది. దాని కళా దర్శకుల్లో ఒకరైన మాధవపెద్ది గోఖలే గుంటూరు జిల్లావారే. ఆ తరవాత వచ్చిన జానపద చిత్రాల సంగతి చెప్పక్కర్లేదు, ఉన్న డ్రస్సులే మళ్లీ మళ్లీ తిరిగాయి.

విచిత్రమేమిటంటే, షరతులతో కూడిన బట్ట నిజజీవితంలో ఎక్కడికీ పోలేదు. దసరాకి ఇంద్రకీలాద్రి ఎక్కితే అమ్మవారి విగ్రహం ఒక్కటే, అలంకారం మాత్రం రోజుకొకటి. ఒకరోజు బాలాత్రిపురసుందరి, మూలానక్షత్రం రోజు సరస్వతి, చివరికి రాజరాజేశ్వరి. బట్టా నగా మారితే దేవత పేరే మారుతుంది. మూలానక్షత్రం నాడు ప్రభుత్వం తరఫున పట్టువస్త్రాలు వస్తాయి. పాలించేవాళ్లు బట్ట మోసుకొచ్చి ఇవ్వడమే అక్కడి తంతు. ఇంత రాజకీయం ఉన్న సీను మన ఫాంటసీల్లో నాకైతే కనబడలేదు. భవానీ దీక్ష తీసుకున్నవాళ్లు ఎర్రబట్టలు కట్టి, మండల దీక్షయితే నలభైఒక్క రోజులు నియమాలు పాటించి, ఇరుముడితో కొండకొచ్చి విరమిస్తారు. ఆ బట్టల్లో ఉన్నన్నాళ్లూ ఆ మనిషిని ఇంట్లోవాళ్లే పేరుతో కాక ‘భవానీ’ అని పిలుస్తారు. మామూలు ఇళ్లలో కొత్తబట్ట మూలకు పసుపు పెట్టనిదే తొడుక్కోరు. పెళ్లిలో మధుపర్కాలు ఖరీదైనవేం కావు, అయినా వేలు పోసి కొన్న పట్టుచీర విప్పి వాటిని కట్టుకోవాల్సిందే.

మడి సంగతి కొంచెం ఆగి చూడాలి, ఎందుకంటే అది అంత అమాయకమైన విషయం కాదు. తడిపి, దూరంగా ఆరేసి, ఎవరూ తగలకుండా కర్రతో తీసి కట్టుకున్న బట్టకే మడి. ఎవరైనా ముట్టుకుంటే మైల. ఆ ‘ఎవరైనా’లో కులం ఉంది. రజకులు ఉతికి తెచ్చిన బట్ట మడికి పనికిరాదు, ఇంట్లో మళ్లీ తడపాలి. అదే రజకులు ఊరేగింపులో నేల మీద పరిచే మడుగు బట్టల మీద మాత్రం దేవుడూ నడుస్తాడు, పెళ్లికొడుకూ నడుస్తాడు. ముట్టుకుంటే శక్తి పోయే అంగీ వేసుకున్న రాజగురువు, ఆ అంగీ ఉతికే మనిషి, వీళ్లిద్దరినీ ఒక రాజ్యంలో పెడితే మంత్రం ఎవరి చేతిలో ఉన్నట్టు? ఆ అంగీ ఉతకనని అతను ఒక్కరోజు మొరాయిస్తే పట్టాభిషేకం ఆగిపోతుంది. చమ్కీల కోటుతో ఈ కథ నడవదు, దాన్ని ఎవరు ముట్టుకున్నా ఏమీ కాదు.