‘నువ్వు’ అంటే అమర్యాదేనా? తెలుగు యాసల మీద అపోహలు - వాస్తవాలు

బెంగళూరులో తెలుగు కస్టమర్ కేర్ ఫ్లోరు మీద హిందూపురం, వరంగల్, అమలాపురం, కోలారు మనుషులు ఒకే వరుసలో కూర్చుంటారు. అవతల ఫోన్ చేసేది ఇచ్ఛాపురం నుంచి జహీరాబాద్ దాకా ఎవరైనా కావచ్చు. ‘దురుసుగా మాట్లాడారు’ అని ఫిర్యాదు వచ్చిన కాల్స్ మళ్ళీ పెట్టుకుని వింటే చాలావాటిలో దురుసుతనం దొరకదు. ఒక యాస మర్యాదను ఒకచోట పెడితే, వినే మనిషి దాన్ని తన యాస అలవాటు చేసిన చోట వెతుక్కుని లేదనుకుంటాడు. కొత్తగా కాల్స్ తీసుకునేవాళ్ళకి, విని మార్కులు వేసే క్వాలిటీవాళ్ళకి, మాటని రాతలో పెట్టే ట్రాన్స్‌క్రిప్షన్‌వాళ్ళకి ఈ నాలుగు మాటలు.

అపోహ: నువ్వు అంటే అమర్యాద, మీరు అంటే మర్యాద.

వాస్తవం: ఇది కోస్తా చెవి లెక్క. అక్కడ మర్యాద సర్వనామంలోనూ క్రియ చివరా ఉంటుంది: వాడు వచ్చాడు, ఆయన వచ్చారు. తెలంగాణలో ‘ఆయన వచ్చిండు’ అంటారు. వాడికీ ఆయనకీ క్రియ ఒకటే, గౌరవం మొత్తం ‘ఆయన’లోనే ఉంది. రాయలసీమ పల్లెల్లోనూ తెలంగాణలోనూ కన్నవాళ్ళని నువ్వు అనడం మామూలు విషయం. అక్కడ గౌరవాన్ని పిలుపు మోస్తుంది: అన్నా, అక్కా, పెద్దాయనా, సారూ. ‘సార్, నువ్వొకసారి చూడు సార్’ అన్న వాక్యంలో రెండుసార్లు సార్ ఊరికే రాలేదు.

అందుకే ‘కస్టమర్ ఏకవచనం వాడారు’ అని రాసి కాల్‌ని కోపం ఖాతాలో వేయడం తప్పు. పిలుపు, సర్వనామం, క్రియ చివర, ఈ మూడు చోట్లా చూడాలి. మూడింట్లో ఒకచోట గౌరవం కనపడితే చాలు. అసలు గమనించాల్సింది మధ్యలో వచ్చే మార్పు. పది నిమిషాలు ‘అన్నా, నువ్వు’ అంటూ మాట్లాడిన మనిషి ఉన్నట్టుండి ‘చూడండి, మీకు చెప్తున్నా’ అన్నాడంటే మర్యాద పెరగలేదు, ఓపిక అయిపోయింది. కాల్‌ని పైవాళ్ళకి అప్పగించాల్సిన సమయం అదే. తిట్టు వచ్చేదాకా ఆగితే ఆలస్యమైనట్టే.

ఇక ఏజెంటు మాత్రం ఎదుటివాళ్ళు నువ్వు అన్నారని తనూ నువ్వులోకి దిగకూడదు. ‘అన్నా, మీరు…’ అన్న కలయిక మూడు ప్రాంతాల్లోనూ చెల్లుతుంది.

అపోహ: అండీ ఎంత ఎక్కువ పెడితే అంత గౌరవం.

వాస్తవం: గోదావరి జిల్లాల్లో అండీ, ఆయ్ మాట మాటకీ వస్తాయి, ఎవరూ లెక్కపెట్టరు. అదే జోరు అనంతపురం మనిషి దగ్గర చూపిస్తే దూరం పెడుతున్నట్టో, వెటకారం చేస్తున్నట్టో అనిపిస్తుంది. పైగా అండీ పక్కన ఏముందో కూడా చూడాలి. ‘చెప్పాను కదండీ’లో గొంతు ‘కదా’ దగ్గర లేచిందంటే అది మందలింపే, అండీ దాన్ని కాపాడలేదు. వాక్యానికొకటి ఉంటే చాలు.

అపోహ: పదం ఒకటే అయినప్పుడు అర్థం ఎక్కడికి పోతుంది?

వాస్తవం: చాలా దూరమే పోతుంది. ‘పోవు’ సంగతే చూడండి. సీమలోనూ తెలంగాణలోనూ ‘మా నాయన పోయినాడు’, ‘పోయిండు’ అంటే మొదటి అర్థం వెళ్ళాడని. కోస్తాలో ‘నాన్న పోయారు’ అంటే చనిపోయారు. ‘ఇంట్లో ఉన్నారా?’ అని అడిగితే ‘ల్యా, పోయినాడు’ అన్న జవాబు విని ‘అయ్యో, సారీ అండీ’ అంటే అవతల ఇంట్లో ఎంత రగడవుతుందో ఊహించుకోవచ్చు. ‘యాడికి పోయినారు?’ అని ఒక్క ప్రశ్న వేస్తే విషయం తేలుతుందనుకుంటారు కానీ, నిజంగానే చావు అయితే ఆ ప్రశ్న ఇంకా దారుణం. ‘ఎప్పుడు మాట్లాడితే కుదురుతుంది?’ అని అడగండి. రెండు సందర్భాల్లోనూ ఆ ప్రశ్న ఎవరినీ నొప్పించదు.

దీనికంటే ప్రమాదం ‘చెప్పరాదు’. కోస్తాలో, పుస్తకాల్లో అది నిషేధం: చెప్పకూడదు. తెలంగాణలో ‘జర చెప్పరాదు’ అంటే ‘కాస్త చెప్పొచ్చుగా’ అని బతిమాలడం. ‘ఓటీపీ చెప్పరాదు’ అని కోస్తా యాసలో స్క్రిప్టు రాసి చదివిస్తే, తెలంగాణలో ఒక పెద్దమ్మకి అది ఓటీపీ అడుగుతున్నట్టు వినపడే అవకాశం ఉంది. భద్రతకి సంబంధించిన వాక్యాల్లో -రాదు వాడకండి. ‘ఎవరికీ చెప్పొద్దు’ అంటే ఎక్కడైనా ఒకటే.

కూరగాయల డెలివరీ కాల్స్‌లో అనపకాయ ఒకటి. గోదావరి, విశాఖ వైపు ఆనపకాయ అంటే సొరకాయ. చిత్తూరు, అనంతపురం, కోలారు వైపు అనపకాయలంటే చిక్కుడు జాతి గింజలు, ఇక్కడ కన్నడిగులు అవరెకాయి అనేవి. చలికాలంలో బెంగళూరు సంతలు వాటితోనే నిండుతాయి, పితికిపప్పు చేసేది వాటితోనే. తేడా పట్టడానికి ఒక ఒడుపు ఉంది. పేరు వదిలేసి కొలత వినండి. ‘ఒకటి’, ‘లేతది’ అన్నారంటే సొరకాయ, ‘కిలో’, ‘అరకిలో’ అన్నారంటే గింజలు. ఎర్రగడ్డ, ఉల్లిగడ్డ, ఉల్లిపాయల్లో ఈ ప్రమాదం లేదు. అక్కడ మాటలు వేరు, వస్తువు ఒకటే. అర్థం కాకపోతే అడుగుతారు. అర్థమైందనుకున్న చోటే సరుకు తారుమారవుతుంది.

నామినీ వివరాల్లో ‘బిడ్డ’ అన్నది కూడా ఇలాంటిదే. తెలంగాణలో ‘ఒక కొడుకు, ఒక బిడ్డ’ అంటే బిడ్డ కూతురు. మిగతాచోట్ల ఎవరైనా కావచ్చు. ఆడపిల్లా, మగపిల్లాడా అని అడిగి రాసుకోవాలి. ‘మాపటికి రండి’ అంటే సీమలో, తెలంగాణలో సాయంత్రం. కోస్తా పిల్లలకి ‘రేపో మాపో’లో తప్ప ఆ మాట తెలియదు. ‘రేపొద్దున ఏమైనా అయితే ఎవరిది బాధ్యత?’ అన్న కస్టమర్‌కి మర్నాడు ఉదయానికి కాల్‌బ్యాక్ పెట్టేవాళ్ళూ ఉన్నారు. ఆ వాక్యంలో రేపొద్దున అంటే మున్ముందు ఎప్పుడో అని. సమయం ఏదైనా గడియారం అంకెలో తిరిగి చెప్పి ఖాయం చేసుకోండి.

అపోహ: బెంగళూరు తెలుగు కన్నడం కలిసి పాడైపోయింది.

వాస్తవం: ఊరు దాటి హైదరాబాద్ రోడ్డున బాగేపల్లి దాకా వెళ్ళండి, అటు కోలారు, చింతామణి వెళ్ళండి. ఆ వైపు ఊళ్ళలో తెలుగు ఎప్పటినుంచో ఇంటిభాష, ఎవరో ఉద్యోగానికొచ్చి తెచ్చింది కాదు. ‘ఏమప్పా’లో అప్పా అనంతపురానికి ఎంత సొంతమో, ‘ఏనప్పా’లో కన్నడానికీ అంతే. ‘బేగ రా’ అని వినపడగానే కన్నడ ప్రభావం అని రాసేస్తారు. మాట్లాడింది శ్రీకాకుళం మనిషి అయితే అది వాళ్ళ ఊరి మాటే.

పొరపాట్లు జరిగేది రెండోవైపు, తెలుగు చెవితో కన్నడం విన్నప్పుడు. ‘ఏన్రీ’ అన్నారంటే కొత్తగా వచ్చినవాళ్ళకి ‘ఏంరా’ లాగా వినపడి మొహం మాడుతుంది. కన్నడంలో ఆ రీ గౌరవం, మన అండీ చేసే పనే. ‘తిండి ఆయ్తా?’ అన్నా అంతే. తెలుగులో ‘తిండి తిన్నావా’ అంటే మోటు. వాళ్ళకి తిండి అంటే టిఫిను, అడిగింది మర్యాదగానే.

అపోహ: మాటలు సరిగ్గా ఉంటే స్వరం ఎలా ఉన్నా ఫర్వాలేదు.

వాస్తవం: మాట అదే అయినా స్వరం మారితే అర్థం మారుతుంది. మన అలంకారశాస్త్రం కాకువు అన్నది దీన్నే. దీని మీద బాగా పేరున్న ఉదాహరణ లండన్‌ది. హీత్రూ విమానాశ్రయం క్యాంటీన్‌లో కొత్తగా చేరిన భారత, పాకిస్తానీ మహిళలు వడ్డిస్తూ ‘గ్రేవీ’ అనేవారు, స్వరం దించి. ఇంగ్లీషువాళ్ళు అదే మాటని స్వరం ఎత్తి అడుగుతారు. దాంతో ‘కావాలా?’ అన్నది వాళ్ళకి ‘ఇదిగో, తీసుకో’ అన్నట్టు తగిలింది. ఆ గొడవని విశ్లేషించింది భాషాశాస్త్రవేత్త జాన్ గంపెర్జ్. మారతహళ్ళి పీజీ మెస్‌లో ‘సాంబార్’ అని దించి అన్నా అదే కథ. ‘వెయ్యనా?’ చేర్చితే స్వరం మీద భారం తగ్గుతుంది.

ఫోన్లో స్వరం బరువు ఇంకా పెరుగుతుంది. మామూలు ఫోన్ లైను 300 నుంచి 3400 హెర్ట్జ్ దాకానే ధ్వనిని మోస్తుంది. ‘స’ శబ్దం బలమంతా దాదాపు ఆ పైనే ఉంటుంది కాబట్టి ఫణి అన్నారో సన్నీ అన్నారో తేలదు. గొంతు స్థాయి మగవాళ్ళలో 120, ఆడవాళ్ళలో 210 హెర్ట్జ్ దగ్గర, అంటే 300 కంటే కిందే. అయినా పై స్వరాల వరుసను బట్టి చెవి దాన్ని తిరిగి కట్టుకుంటుంది. ఫలితం ఏమిటంటే, అక్షరం పోతుంది కానీ విసుగు పోదు.

మౌనం కూడా స్వరంలో భాగమే. పది భాషల మీద చేసి 2009లో ప్రచురించిన పరిశీలనలో, ప్రశ్నకీ జవాబుకీ మధ్య విరామం సగటున 200 మిల్లీసెకన్ల దగ్గర తేలింది. జవాబు ఆలస్యమైతే ఇష్టం లేదన్న అర్థం వస్తుంది. ఇంటర్నెట్ కాల్‌లో ఒకవైపు ప్రయాణానికి 150 మిల్లీసెకన్లు మించకపోతే మంచిదని అంతర్జాతీయ టెలికాం సిఫార్సు. అది 300 అయిందంటే రానూపోనూ 600. మనస్ఫూర్తిగా అన్న ‘సరే’ కూడా అప్పుడు అయిష్టంగా వినపడుతుంది. ప్రశ్న వేశాక ఒక పూర్తి సెకను ఆగకుండా ‘వినపడుతోందా?’ అనకండి. రెండు మాటలు ఢీకొని ఇద్దరూ ఆగిపోయేది అక్కడే.

అపోహ: ‘చూద్దాం’ అంటే ఆసక్తి ఉన్నట్టు.

వాస్తవం: రోజు చెప్పి చూద్దాం అంటే ఆలోచన. రోజు లేకుండా ‘చూద్దాంలెండి’ అంటే వద్దు. ఆ ‘లెండి’ తలుపు మూసేసింది.

అపోహ: కస్టమర్ యాసలోనే మాట్లాడితే దగ్గరవుతాం.

వాస్తవం: మాటలు తీసుకోండి, రాగం తీసుకోకండి. వాళ్ళు ఆలుగడ్డ అంటే మీరూ ఆలుగడ్డ అనండి, చాలు. అమలాపురం గొంతు ‘ఏం జేస్తున్నవే’ అని సాగదీస్తే ఎక్కిరింపే అవుతుంది. తెరమీద విలన్లకీ హాస్యగాళ్ళకీ ఏ యాసలు ఇచ్చారో జనానికి బాగా గుర్తుంది.

అపోహ: ట్రాన్స్‌క్రిప్షన్‌లో యాసని సరిచేసి రాయాలి.

వాస్తవం: ‘వచ్చిండు’ని ‘వచ్చారు’ అని రాస్తే లేని గౌరవం పెట్టినట్టు, ‘వచ్చాడు’ అంటే ఉన్నది తీసేసినట్టు. విన్నదే రాయాలి. లే, కదా, మరి, అట, అంట లాంటి తోకలు ఒక్కటీ వదలకూడదు. ‘కట్టేశానంట’లో డబ్బు కట్టానని చెప్పడం లేదు, కట్టానని మీరంటున్నారని దెప్పుతున్నారు. మొదటిసారి రాయకుండా వినండి, రెండోసారి మాటలు, మూడోసారి అరసెకను దాటిన విరామాలూ స్వరం లేచిన చోట్లూ గుర్తుపెట్టండి. మళ్ళీ చెప్పమని అడిగాక వచ్చిన మాటని సహజమైన మాటగా తీసుకోకండి. భాషాశాస్త్రవేత్త విలియం లబోవ్ న్యూయార్క్ దుకాణాల్లో, నాలుగో అంతస్తులో ఉండే సరుకు ఎక్కడని అడిగి, వినపడనట్టు నటించి రెండోసారి చెప్పించుకున్నాడు. రెండోసారికి జనం ‘ఫోర్త్ ఫ్లోర్’లోని ‘ర’ని మరింత జాగ్రత్తగా పలికారు. మనవాళ్ళూ అంతే, మొదట ‘యాడుంది’, ‘ఏమన్నారు?’ అని అడగ్గానే ‘ఎక్కడ ఉందండీ’.

అపోహ: ప్రామాణిక తెలుగుకి యాస లేదు.

వాస్తవం: కృష్ణా, గుంటూరు, గోదావరి చదువుకున్నవాళ్ళ యాసే అది. అచ్చులోకీ రేడియోలోకీ ముందు వెళ్ళింది, అంతే.

అపోహ: కాల్ ముగించే మాట అన్ని లైన్లకీ ఒకటే చాలు.

వాస్తవం: రీఛార్జ్ లైనులో ‘మళ్ళీ కాల్ చేయండి’ బాగుంటుంది. ఆసుపత్రి లైనులో వినేవాళ్ళు ఉలిక్కిపడతారు. ఇంటి గడప దగ్గర ‘వెళ్తాను’ అనకుండా ‘వెళ్ళొస్తాను’ అనే మనిషే ఆసుపత్రి నుంచి బయటపడేటప్పుడు ఆ మాట నోట రానివ్వడు. బీమా క్లెయిమ్ కాల్స్‌లో ‘చనిపోయారా?’ బదులు ‘కాలం చేశారా?’ అనండి, మూడు ప్రాంతాల్లోనూ చెల్లుతుంది. చివర్లో ‘హ్యాపీ డే’ లాంటివి తీసేసి ‘ఉంటానండి’ అని, అవతల పెట్టేసేదాకా లైను పట్టుకోండి.