సున్నా స్టార్లు సినిమాకా, పోస్టర్‌కా?

అయిదుగురు మగవాళ్లను నరికి, విరిచి, గుర్తుపట్టలేనంతగా కాల్చేసిన మనిషి ఈమె, అయినా అమెరికాలో ఏ జ్యూరీ ఈమెకు శిక్ష వెయ్యదు అంటుంది ‘ఐ స్పిట్ ఆన్ యువర్ గ్రేవ్’ అనే అమెరికన్ హారర్ సినిమా పోస్టర్. సినిమాలో ఉన్న దుర్మార్గులు నలుగురే. వాళ్లలో ఎవరూ కాలి చావరు. పోస్టర్ రాసినవాళ్లు సినిమా చివరిదాకా చూశారా అని అనుమానం వస్తుంది. ఈ సినిమా మీద ఇన్నేళ్లుగా నడుస్తున్న గొడవ అర్థం కావాలంటే ముందు ఈ రెంటినీ విడదీయాలి. సినిమా తీసినవారు వేరు, అమ్మినవారు వేరు.

తీసింది మెయిర్ జార్చి. 1974లో న్యూయార్క్‌లో ఒక పార్కు దగ్గర, ఒంటి మీద బట్టల్లేకుండా నెత్తురోడుతున్న యువతి తనకూ తన మిత్రుడికీ కనిపించిందని ఆయన చెబుతారు. పోలీసుల దగ్గరికి తీసుకెళితే, దవడ విరిగి నోరు పెగలని ఆ పిల్లను అధికారి పేరేమిటి, స్పెల్లింగ్ ఏమిటి అంటూ కూర్చోబెట్టాడట. స్క్రిప్టు ఆ కోపంలోంచే పుట్టిందంటారు. కథ రెండు ముక్కల్లో చెప్పొచ్చు. నవల రాసుకుందామని పల్లెకు వచ్చిన జెన్నిఫర్ మీద నలుగురు అత్యాచారం చేస్తారు. బతికి బట్టకట్టిన ఆమె చట్టం దగ్గరికి పోకుండా ఒక్కొక్కణ్నీ చంపుతుంది. కనెక్టికట్ రాష్ట్రంలోని కెంట్ అనే చిన్న ఊళ్లో, వేళ్ల మీద లెక్కపెట్టగలిగేంతమంది నటులతో తీశారు.

ఇందులో నేపథ్య సంగీతం లేదు. హారర్ సినిమాలో ఎప్పుడు భయపడాలో, ఎవరి పక్షాన ఉండాలో సంగీతమే మనకు చెబుతూ ఉంటుంది. ఇక్కడ వినపడేవి అరుపులు, పడవ మోటారు చప్పుడు, అంతే. అత్యాచార ఘట్టమేమో దాదాపు అరగంట సాగుతుంది. చూడటం నిజంగా కష్టం.

1978లో ‘డే ఆఫ్ ది ఉమన్’ అనే పేరుతో జార్చి సొంతంగా విడుదల చేస్తే ఎవరూ పట్టించుకోలేదు. 1980లో జెర్రీ గ్రాస్ అనే పంపిణీదారుడు సినిమా తీసుకుని, మనందరికీ తెలిసిన పేరు తగిలించాడు. చౌకబారు సినిమాకు జనాన్ని రప్పించడంలో చెయ్యి తిరిగిన మనిషి. దాంతో అదే సినిమా వేరే రకం ప్రేక్షకుల ముందుకు వెళ్లింది.

ఆ ప్రేక్షకుల మధ్యే పేరున్న సినీ విమర్శకుడు రోజర్ ఈబర్ట్ కూర్చున్నారు. ఆ జులైలో షికాగోలో సినిమా చూసి సున్నా స్టార్లు ఇచ్చారు, చెత్తమూట అన్నారు. అయితే ఆ రివ్యూలో మనసులో నిలిచిపోయేది తెర మీద జరిగినదాని కన్నా హాల్లో జరిగినది. రెండు సీట్ల అవతల నెరిసిన జుట్టు పెద్దమనిషి ఒకాయన అత్యాచార దృశ్యాలు చూస్తూ మెచ్చుకుంటున్నాడు. వెనక వరసలో ఒకావిడ, ప్రతీకారం మొదలయ్యాక, నరికెయ్ అంటూ జెన్నిఫర్‌ను ఉత్సాహపరుస్తోంది. ఈబర్ట్ సిగ్గుతో బయటికొచ్చారు. ఆ అసహ్యం నిజమే, కానీ అందులో సినిమా వాటా ఎంత, ఆ పెద్దమనిషి వాటా ఎంత అన్నది రివ్యూలో తేలదు. ఆయనా తోటి విమర్శకుడు జీన్ సిస్కెలూ అదే ఏడాది తమ టీవీ కార్యక్రమంలో, ఆడవాళ్లను వేటాడే సినిమాల మీద ఏకంగా ఒక ఎపిసోడే చేశారు.

బ్రిటన్‌లో గొడవ వేరే దారి పట్టింది. అక్కడ వీడియో క్యాసెట్లకు అప్పటికి సెన్సార్ చట్టమే లేదు, ఎవరైనా అద్దెకు తెచ్చుకోవచ్చు. పత్రికలు ‘వీడియో నాస్టీస్’ (రోత వీడియోలు) అంటూ గగ్గోలు పెట్టాయి, ప్రాసిక్యూషన్ శాఖ అలాంటి సినిమాల జాబితా తయారుచేసింది, 1984లో వీడియో రికార్డింగ్స్ చట్టం వచ్చింది. ఆ జాబితాలో ఉన్న ఈ సినిమాకు 2001లో గానీ సర్టిఫికెట్ దొరకలేదు, అదీ సుమారు 7 నిమిషాలు కోసేశాక.

తిట్లకు ఎదురు మాట కూడా త్వరగానే వచ్చింది. 1984లోనే మార్కో స్టార్ అనే రచయిత ఈ సినిమాను సమర్థిస్తూ వ్యాసం రాశారు. 1992లో హారర్ సినిమాల మీద పరిశోధన చేసిన అమెరికన్ ప్రొఫెసర్ కరోల్ క్లోవర్ తన పుస్తకంలో ఇంకా ఇబ్బందికరమైన పోలిక తెచ్చారు. జోడీ ఫాస్టర్‌కు ఆస్కార్ తెచ్చిన ‘ది అక్యూజ్డ్’ కూడా ఇలాంటి కథే. తేడా ఏమిటంటే అక్కడ లాయర్లు, కోర్టు, తీర్పు ఉన్నాయి, మనం నిశ్చింతగా ఇంటికి వెళ్లొచ్చు. 1980ల్లో ఈ సినిమాకు వ్యతిరేకంగా నిరసనల్లో నిలబడ్డ బ్రిటిష్ స్త్రీవాద రచయిత్రి జూలీ బిండెల్ 2011లో తన అభిప్రాయం తప్పని రాస్తూ ఇదే పోలికను వాడారు. చట్టం న్యాయం చేస్తుందని ‘ఐ స్పిట్ ఆన్ యువర్ గ్రేవ్’ కనీసం బుకాయించదన్నది ఆవిడ వాదన. ఈబర్ట్ మాత్రం మెత్తబడలేదు, 2010లో వచ్చిన రీమేక్‌కూ సున్నాయే ఇచ్చారు.

సినిమా మొదటి సగం వరకు నేను బిండెల్ పక్షమే. రెండో సగంలో జెన్నిఫర్ తనను చెరిచినవాళ్లనే వలపుతో రప్పించి చంపుతుంది. ఆ దృశ్యాల్లో కెమెరా ఆమె కోపాన్ని వదిలేసి ఒంటి మీదే తచ్చాడుతుంది. ఆ తప్పును జెర్రీ గ్రాస్ మీదికి నెట్టడం కుదరదు, అది జార్చి చేసిందే.