గ.సా.భా. లేకపోతే కంప్యూటరుకు బీజగణితం లేదు

ప్రియమైన బిడ్డలకు,

దసరా సెలవులకు హనుమకొండ వచ్చినప్పుడు మీరిద్దరూ ఒక మాట అడిగారు: "లెక్కలన్నీ కంప్యూటరే చేస్తుంటే బీజగణితం మేమెందుకు నేర్చుకోవాలె తాతా?" బతుకమ్మ హడావిడిలో చెప్పడం కుదరలేదు. ఇప్పుడు రాస్తున్నాను. కాగితం, పెన్ను దగ్గర పెట్టుకొని చదవండి.

ఒక గది పొడవు 391 సెంటీమీటర్లు, వెడల్పు 299 అనుకోండి. చదరపు తాండూరు బండలు ఒక్కటీ కోయకుండా పరవాలి. అతి పెద్ద బండ ఎంతుండాలి? కారణాంకాలు వెతకబోతే 2, 3, 5, 7, 11 వేటితోనూ ఏ సంఖ్యా పోదు, అక్కడే విసుగొస్తుంది. దానికి బదులు 391లోంచి 299 తీసేయండి, 92 మిగులుతుంది. 299ని 92తో భాగిస్తే శేషం 23. 92ని 23తో భాగిస్తే శేషం సున్నా. 23 సెంటీమీటర్ల బండ సరిపోతుంది. రెండు కొలతలనూ శేషం లేకుండా భాగించే అతి పెద్ద సంఖ్య ఇదే. దీన్నే గరిష్ఠ సామాన్య భాజకం, పొట్టిగా గ.సా.భా. అంటాం. సుద్దముక్కతో నేల మీద గీస్తే ఇదే కనిపిస్తుంది: 299 చదరం ఒకటి, మిగిలిన పట్టీలో 92 చదరాలు మూడు, చివరి సన్న పట్టీలో 23 చదరాలు నాలుగు.

ఇది యూక్లిడ్ పద్ధతి, సుమారు 2,300 ఏళ్ల నాటిది. 499లో ఆర్యభటుడు చెప్పిన కుట్టకంలోనూ (పూర్ణాంకాల జవాబులు కావలసిన సమీకరణాలు సాధించే పద్ధతి) ఇలా శేషాలతో భాగించుకుంటూ పోవడమే. రెండింటిలో చిన్న సంఖ్యలో ఎన్ని అంకెలుంటాయో దానికి 5 రెట్లకు మించి భాగహారాలు అక్కర్లేదని 1844లో ఫ్రెంచి గణితవేత్త లామే నిరూపించాడు. అంటే 100 అంకెల సంఖ్యలకైనా 500లోపే. అదే కారణాంకాల దారిలో పోతే? 250 అంకెల సంఖ్య ఒకదాన్ని 2020లో కారణాంకాలుగా విడదీశారు. కంప్యూటరు ప్రాసెసర్‌లోని ఒక్క కోర్‌తో (లెక్కలు చేసే ఒక్క భాగంతో) చేసుంటే సుమారు 2,700 ఏళ్లు పట్టే పని అది! అల్గారిథం, అంటే లెక్క చేసే పద్ధతి, ఎంచుకోవడంలో ఇంత తేడా ఉంటుంది.

ఇక కంప్యూటరు సంగతి. పైథాన్ అనే ప్రోగ్రామింగ్ భాషలో 0.1 + 0.2 కొట్టి చూడండి, 0.30000000000000004 అని వస్తుంది. పదో వంతు, 0, 1లతోనే రాసే ద్విసంఖ్యామానంలో ఎక్కడా ముగియదు కాబట్టి యంత్రం దాన్ని కొంత దూరం రాసి ఆపేస్తుంది. ఖచ్చితమైన జవాబు కావాలంటే లవాన్ని, హారాన్ని విడివిడిగా దాచాలి. అప్పుడు ప్రతి కూడికకూ అవి పెరిగిపోతుంటాయి. కొట్టివేయాలంటే మళ్లీ గ.సా.భా.యే దిక్కు.

నాకు అన్నిటికంటే ఇష్టమైనది ఇది: అక్షరాలకూ ఇదే పద్ధతి పనిచేస్తుంది. ఎక్స్² + 5ఎక్స్ + 6ను యంత్రం 1, 5, 6 అని గుణకాల వరుసగా దాచుకుంటుంది. ఎక్స్² + 3ఎక్స్ + 2 అంటే 1, 3, 2. తీసివేస్తే 0, 2, 4. రెండుతో భాగిస్తే 1, 2, అంటే ఎక్స్ + 2. దీనితో రెండో బహుపదిని భాగించండి, శేషం సున్నా. గ.సా.భా. దొరికేసింది. యంత్రం చూసినవి అంకెలే, తేలింది మాత్రం బీజగణితం.

పెద్ద బహుపదులతో చేస్తే మధ్యలో వచ్చే గుణకాలు భయంకరంగా ఉబ్బిపోతాయి. మొదట, చివర చిన్న సంఖ్యలే, నడుమ మాత్రం చాంతాడంత! వాటిని అదుపులో పెట్టే దారి మీద 1967లో అమెరికా శాస్త్రవేత్త జార్జ్ కాలిన్స్ రాసిన పరిశోధన పత్రం ఈ రంగంలో చాలా ముఖ్యమైనది.

ఇప్పుడు మీ ప్రశ్నకు వస్తాను. పై రెండింటిలో మొదటిదాన్ని రెండోదానితో భాగించి సూక్ష్మీకరించమని సింపైని (బీజగణితం చేసే పైథాన్ సాఫ్ట్‌వేర్) అడిగితే, (ఎక్స్ + 3) / (ఎక్స్ + 1) అని ఇస్తుంది. అందులో ఎక్స్ బదులు −2 పెడితే జవాబు −1. అసలు భిన్నంలో పెట్టండి: పైన సున్నా, కింద సున్నా. అక్కడ విలువే లేదు! కొట్టివేసినప్పుడు ఆ హెచ్చరిక జారిపోయింది, యంత్రం చెప్పలేదు. చెప్పగలిగేది బీజగణితం తెలిసిన మనిషే. అందుకే నేర్చుకోమంటున్నాను, బిడ్డా.

ఎక్స్² + 7ఎక్స్ + 12, ఎక్స్² + 9ఎక్స్ + 20 తీసుకోండి. ముందు కాగితం మీద గ.సా.భా. కట్టండి, తర్వాత సింపైలో సరిచూడండి. మొదటిదాన్ని రెండోదానితో భాగిస్తే ఎక్స్‌కు ఏయే విలువలు పెట్టకూడదో ఆదివారం ఫోన్లో చెప్పండి.

మీ తాత