సినిమా సౌండ్ పని: కొన్ని అపోహలు, వాస్తవాలు

పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ వైపు నుంచి సినిమా సౌండ్‌లోకి రావాలనుకునే పిల్లలు ఈమధ్య చాలామంది నాతో మాట్లాడుతున్నారు. అందరూ దాదాపు ఇవే అడుగుతారు.

అపోహ: ఎలా రికార్డయినా పర్లేదు, తర్వాత డబ్బింగ్ చెప్పించుకోవచ్చు.

వాస్తవం: డబ్బింగ్‌లో మాట పెదాల కదలికకు కలుస్తుంది. ఆ క్షణంలో మనిషి తీసిన ఊపిరి రాదు. అందులోనూ మన సరిహద్దు ఊళ్ల తెలుగు, ఒడియా నుడికారం కలిసిన ఆ యాస, స్టూడియోలో ఇంకెవరి నోటా పలకదు. మహేంద్రతనయ ఒడ్డున ఒక ఊళ్లో డాక్యుమెంటరీకి ఓ మామ్మగారి మాటలు తీశాం. ఆవిడ చేటతో బియ్యం చెరుగుతూ మాట్లాడుతోంది. చేట పక్కన పెట్టమని డైరెక్టర్ అన్నాడు, నేను వద్దన్నాను. పని ఆపితే ఆ మాటల ఊపు పోతుంది. బూమ్‌ను, అంటే మైకు తగిలించిన పొడవాటి కర్రను, ఫ్రేమ్ అంచుదాకా దించి మైకును ఆవిడ నోటికి దగ్గర చేశాను. ఆరుబయట మైకు దూరం రెట్టింపైతే గొంతు సుమారు 6 డెసిబెల్స్ తగ్గిపోతుంది. దగ్గరైతే గొంతు ముందుంటుంది, చేట చప్పుడు వెనక నిలుస్తుంది.

అపోహ: రొద ఎంతున్నా సాఫ్ట్‌వేర్ తీసేస్తుంది.

వాస్తవం: ఫ్యాన్ హోరులాంటి ఒకే తీరు మోతను తగ్గిస్తుంది. మాట మీద పడిన బండి హారన్‌ను తీయబోతే మాట కూడా పాడవుతుంది.

అపోహ: ఈ ఫీల్డులో కెరీర్ చిన్నది, కొత్త కుర్రాళ్లొస్తే మనల్ని పక్కన పెట్టేస్తారు.

వాస్తవం: నేను చూసినంతలో ఎక్కువ మందిని ఆపేసింది చెవులే. రాయగడ కుర్రాడొకడు, బూమ్ పట్టడంలో బంగారం లాంటి చెయ్యి. జనరేటర్ పక్కన నిలబడి ఆ మోతను దాటి వినడానికి హెడ్‌ఫోన్ వాల్యూమ్ పెంచుకుంటూ పోయేవాడు. రాత్రుళ్లు చెవిలో గుయ్యిమంటోందని తెలిసినా, చెబితే పనికి పిలవరని దాచాడు. నాలుగైదేళ్లకే ఫీల్డు వదిలేశాడు. నాకు ఇప్పటికీ బాధే. 85 డెసిబెల్స్ మోతలో రోజుకు 8 గంటలకు మించి ఉండొద్దని పనిచోట ఆరోగ్యం, భద్రత చూసే అమెరికా సంస్థ నియోష్ చెబుతుంది. మోత 3 డెసిబెల్స్ పెరిగిన ప్రతిసారీ ఆ సమయం సగమైపోతుంది, అంటే 94 దగ్గర గంటే. లోపలి చెవిలోని రోమ కణాలు ఒకసారి చస్తే మళ్లీ పుట్టవు. ఏటా ఆడియోగ్రామ్, అంటే వినికిడి పరీక్ష, తీయించుకోండి, గుయ్యిమన్న మొదటి వారమే డాక్టరుకు చూపించండి. జనరేటర్‌ను దూరంగా పెట్టమని గట్టిగా అడగండి, యూనిట్ విసుక్కున్నా సరే.

అపోహ: పెద్ద సంస్థలో చదవకపోతే లాభం లేదు.

వాస్తవం: చదివితే మేలే. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐలో, కోల్‌కతా సత్యజిత్ రే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో సౌండ్ కోర్సులున్నాయి. 2009లో ఆస్కార్ అందుకున్న రసూల్ పూకుట్టి పుణెలో చదివినవారే. సీటు రాకపోతే ఓ చిన్న రికార్డర్ కొనుక్కుని మీ ఊరి సంతలో రికార్డు చేసి, ఎడిట్ చేసి వినండి. ఆ ఫైళ్లే పట్టుకెళ్లి సౌండ్ రికార్డిస్టులకు వినిపించండి.